ఇంట్లోనే కారుకు రంగు వేసుకోవాలంటే ఏ పెయింట్ కొనాలి?

పెయింట్ కొట్టుకు వెళ్లి "కారుకు తెల్ల రంగు రెండు లీటర్లు ఇవ్వండి" అంటే కొట్టతను ఏదో ఒక డబ్బా ఇచ్చేస్తాడు. ఆ డబ్బాలో ఉన్నది త్వరగా ఆరే ఎన్‌సీ లాకరా, గేట్లకు వేసే ఎనామిలా, హార్డెనర్ కలిపి గట్టిపరిచే పీయూనా అని అడిగేవాళ్లు తక్కువ. ఆ మూడూ దేని మీద పడితే దాని మీద నిలవవు. పాత రంగుకు పడని పెయింట్ పైన కొడితే పది నిమిషాల్లో బానెట్ అంతా కాగిన పాల మీద మీగడలా ముడుచుకుపోతుంది. అప్పుడు చేయగలిగింది ఒక్కటే: మొత్తం గీకేసి మళ్లీ మొదటికి రావడం.

కాబట్టి ఏ రంగు అన్న ప్రశ్న తర్వాత. ముందు మూడు సంగతులు తేలాలి. కారు మీద ఇప్పుడున్న పెయింట్ ఏమిటి, మీ దగ్గరున్న కంప్రెసర్, గన్ దేన్ని కొట్టగలవు, కొట్టేటప్పుడు మీ ఊపిరితిత్తులను మీరు కాపాడుకోగలరా. డబ్బా ఎంపిక ఈ మూడింటి మీదే ఆధారపడుతుంది.

ఉదాహరణకు పది పన్నెండేళ్ల చిన్న హ్యాచ్‌బ్యాక్ అనుకుందాం. ఎండకు బానెట్, రూఫ్ తెల్లబారి పొరలు లేచాయి. డోర్ల అడుగున తుప్పు మొదలైంది. ఇంటి వెనక రేకుల షెడ్డు ఉంది, అద్దెకు కంప్రెసర్ దొరుకుతుంది. మన ఊళ్లలో ఎక్కువ మంది పరిస్థితి ఇదే.

1. ముందు పాత పెయింట్ జాతకం చూడండి

డోరు కింది అంచులాంటి, ఎవరికీ కనపడని చోట పరీక్ష చేయండి. తెల్ల గుడ్డను ఎన్‌సీ థిన్నర్‌లో తడిపి పెయింట్ మీద ఒక నిమిషం అదిమి పట్టుకోండి.

గుడ్డకు రంగు అంటుకుని, కింద పెయింట్ జిగురుగా మెత్తబడితే అది ఎన్‌సీ. ఎవరో షెడ్డులో చవగ్గా కొట్టించారన్నమాట. ఉబ్బి ముడతలు పడితే ఎనామిల్. ఏమీ కాకుండా కాస్త మెరుపు మాత్రమే తగ్గితే కంపెనీ పెయింట్ (కారు తయారైనప్పుడు వేసినది), లేదా బాగా గట్టిపడిన 2కే పీయూ (2కే అంటే రంగు, హార్డెనర్ రెండూ కలిపి కొట్టేది). ఇది మంచి వార్త. దీని మీద ఏదైనా నిలుస్తుంది.

రెండో పరీక్ష రబ్బింగ్ కాంపౌండ్‌తో. తెల్ల గుడ్డకు కాస్త కాంపౌండ్ పెట్టి రుద్దండి. కారు రంగు గుడ్డకు వస్తే అది పైన క్లియర్ (రంగులేని పారదర్శక పొర) లేని సాదా రంగు. రాకపోతే పైన క్లియర్ కోటు ఉంది. తెల్ల కారుకు మాత్రం నల్లగుడ్డ వాడాలి, తెల్లగుడ్డ మీద తెలుపు ఏం కనపడుతుంది?

మందం కొలిచే మీటరు ఎక్కడైనా దొరికితే ఒక్క పూట తెచ్చుకోండి. కంపెనీ పెయింట్ మొత్తం కలిపి దాదాపు 100 నుంచి 130 మైక్రాన్లు ఉంటుంది. ఒక ప్యానెల్ మీద 250 దాటితే అక్కడ మళ్లీ పెయింట్ పడిందని అర్థం. 1000 దాటితే కింద లప్పం ఉంది. కారు అంతా ఒకటే అనుకుని ఒక చోటే పరీక్షించి వదిలేయకండి. సెకండ్ హ్యాండ్ కార్లలో బానెట్ కంపెనీది, ఎడమ డోరు షెడ్డుది అయి ఉండటం మామూలే. ప్రతి ప్యానెల్‌నూ విడిగా చూడాలి.

ఏది దేని మీద నిలుస్తుందో చెప్పుకుంటే: గట్టిపడిన 2కే మీద, కంపెనీ పెయింట్ మీద అన్నీ నిలుస్తాయి, సరిగ్గా ఎమరీ కొడితే చాలు. ఎన్‌సీ మీద 2కే కొడితే అందులోని థిన్నర్ కింది పొరను కరిగిస్తుంది. ఎనామిల్ మీద ఎన్‌సీ కొడితే ముడతలు ఖాయం. అందుకే ఎన్‌సీ గానీ ఎనామిల్ గానీ బయటపడిన ప్యానెల్‌ను రేకు దాకా గీకేయడమే దారి. పైన ప్రైమర్ కొట్టి అణచిపెట్టవచ్చని చెప్పేవాళ్లున్నారు. రెండు మూడు సార్లు నిలుస్తుంది, నాలుగోసారి మోసం చేస్తుంది.

2. నాలుగు రకాలు, ఏది ఎవరికి

*ఎన్‌సీ.* నైట్రోసెల్యులోజ్ లాకర్. పాత పెయింటర్లు దీన్నే డ్యూకో అంటారు. అది 1920ల్లో అమెరికాలో డ్యూపాంట్ కంపెనీ పెట్టిన పేరు. వస్తువు పాతదైపోయినా పేరు మన షెడ్డుల్లో మిగిలిపోయింది. థిన్నర్ ఆవిరవగానే ఇది ఆరుతుంది. రసాయనికంగా గట్టిపడటమంటూ ఉండదు. ఇందులో ఉన్న మంచీ ఇదే, చెడూ ఇదే. పది పదిహేను నిమిషాల్లో ఆరుతుంది కాబట్టి దుమ్ము తక్కువ అంటుతుంది. కారి చార పడితే ఆరాక ఎమరీ కొట్టి మళ్లీ కొట్టుకోవచ్చు. చేయి తిరగనివాడిని క్షమించే పెయింట్ ఇది. కానీ పెట్రోలు చుక్క పడితే మచ్చ పడుతుంది. మన ఎండకు ఒకటి రెండేళ్లలో మెరుపు పోతుంది. పొర పలచన కాబట్టి నాలుగైదు కోట్లు వేసి, ఆఖర్న పాలిష్ పట్టాల్సిందే. నెలలు గడిచాక పొర ఇంకా కుంచించుకుని, కింద కొట్టిన ఎమరీ గీతలు పైకి కనిపిస్తాయి.

*సింథటిక్ ఎనామిల్.* గేట్లకు, గ్రిల్స్‌కు, ట్రాక్టర్లకు వేసేది. చవక, ఒక్క కోటుకే కప్పుతుంది. కానీ గంటల తరబడి తడిగా ఉండి, తిరిగే ప్రతి దోమనూ పట్టుకుంటుంది. పైగా దీనికి ఒక మొండి గుణం ఉంది. రెండో కోటు వేస్తే మొదటి కొన్ని గంటల్లోనే వేయాలి, లేదా వారాలు ఆగాలి. మధ్యలో, సగం గట్టిపడ్డప్పుడు కొడితే లేచిపోతుంది. ట్రాలీకి, సామాన్లు మోసే పాత బండికి సరే. కారుకు వద్దు.

*2కే పీయూ, ఒకే పొర.* రంగు ఒక డబ్బా, హార్డెనర్ ఒక డబ్బా. కలిపాక రెండూ రసాయనికంగా ముడిపడి గట్టిపడతాయి. పెట్రోలుకు కరగదు, ఎండకు ఏళ్ల తరబడి ఓర్చుకుంటుంది, గన్ నుంచి పడ్డప్పుడే మెరుస్తుంది. తెలుపు, ఎరుపు, పసుపులాంటి సాదా రంగులకు ఇంతకు మించింది లేదు. పైన క్లియర్ అక్కర్లేదు. పని రెండు మూడు కోట్లలో అయిపోతుంది.

*బేస్ కోటు, పైన 2కే క్లియర్.* సిల్వర్, గ్రే, పెర్ల్... మెటాలిక్ అన్నింటికీ ఇదే. బేస్ ఆరాక మట్టిలా మెరుపు లేకుండా ఉంటుంది. మెరుపు, రక్షణ రెండూ క్లియర్‌వే. బేస్ కోటు కొని క్లియర్ వేయకుండా వదిలేస్తే ఎండకూ వానకూ నెలల్లో చెడిపోతుంది.

నీటితో పలచన చేసే బేస్‌లూ ఉన్నాయి. వాటికి ప్యానెల్ మీద ధారాళంగా, శుభ్రమైన గాలి వీచే ఏర్పాటు కావాలి. రేకుల షెడ్డులో, ముఖ్యంగా కోస్తా ఉక్కలో, వాటి జోలికి వెళ్లకండి.

స్ప్రే డబ్బాల మాట. 400 మిల్లీలీటర్ల డబ్బా ఒక అద్దం కవరుకో, బంపర్ మూలకో సరిపోతుంది. ఒక డోరుకే రెండు మూడు డబ్బాలు పడతాయి. కారంతా డబ్బాలతో కొడితే ప్రతి డబ్బా కొన ఒక్కోలా పడి చారలు చారలుగా కనిపిస్తుంది. ఖర్చూ మిగలదు.

3. ఊపిరి సంగతి: ఇక్కడ ఆగి ఆలోచించండి

2కే హార్డెనర్‌లో ఐసోసైనేట్లు ఉంటాయి. 2కే ప్రైమర్‌లో, 2కే క్లియర్‌లో, బటన్ నొక్కి వాడే 2కే స్ప్రే డబ్బాలో కూడా ఇవే. గన్‌తో కొట్టినప్పుడు వచ్చే తుంపరను పీలిస్తే ఉబ్బసం వస్తుంది. ఒకసారి ఒంటికి పడకపోవడం మొదలైతే ఆ తర్వాత అతి కొద్ది మోతాదుకే ఛాతీ పట్టేస్తుంది. అది వెనక్కి పోయే జబ్బు కాదు. చర్మం, కళ్ల ద్వారా కూడా హాని చేస్తుంది.

ముక్కుకు రుమాలు, కరోనా రోజుల మాస్కు, దుమ్ము మాస్కు దీన్ని ఆపలేవు. బొగ్గు కార్ట్రిడ్జ్ మాస్కు మీద కూడా పూర్తిగా ఆధారపడలేం. ఐసోసైనేట్ వాసన మనిషికి తెలిసేలోపే హాని చేసే మోతాదు దాటిపోతుంది కాబట్టి కార్ట్రిడ్జ్ అయిపోయిన సంగతి తెలియదు. సరైన ఏర్పాటు ఏమిటంటే, బయటి శుభ్రమైన గాలిని పైపు ద్వారా ముఖానికి అందించే హుడ్, ఒళ్లంతా కప్పే సూటు, నైట్రైల్ గ్లౌజులు. పెయింట్ గన్ కంప్రెసర్ నుంచే గాలి తీసుకోవడం కూడా ప్రమాదమే. అందులో నూనె ఆవిరి, కార్బన్ మోనాక్సైడ్ రావచ్చు.

ఈ ఏర్పాటు కుదరకపోతే మా సలహా ఒకటే. పెయింట్ 2కేనే ఎంచుకోండి, గన్ మాత్రం మీరు పట్టకండి. తుప్పు తీయడం, లప్పం, ఎమరీ, మాస్కింగ్ ఇంట్లో చేసుకోండి. పనిలో పది వంతుల్లో ఎనిమిది వంతులు ఇదే, కూలీ ఖర్చంతా కూడా ఇందులోనే ఉంటుంది. తయారైన కారును బూత్ (దుమ్ము రాని స్ప్రే గది) ఉన్న షెడ్డుకు తీసుకెళ్లి స్ప్రే ఒక్కటే కొట్టించుకోండి. ముందే మాట్లాడుకుంటే చాలా షెడ్డులు దీనికి ఒప్పుకుంటాయి. మీరు వాడిన ప్రైమర్, లప్పం పేర్లు వాళ్లకు చెప్పండి. అడుగున ఏముందో తెలియకపోతే మంచి పెయింటర్ పని ఒప్పుకోడు.

గన్ మీరే పట్టాలన్న పట్టుదల ఉండి, గాలి హుడ్ లేకపోతే మిగిలింది ఎన్‌సీ. దానికీ ఆర్గానిక్ ఆవిరికి పనికొచ్చే కార్ట్రిడ్జ్ మాస్కు తప్పనిసరి. నిప్పు ప్రమాదం దానికే ఎక్కువ కూడా. షెడ్డులో ఫ్రిజ్, ఇన్వర్టర్, దీపం, గీజరు ఏదీ నడవకూడదు. స్విచ్ వేసేటప్పుడు వచ్చే చిన్న మెరుపు చాలు.

ఇంకో సంగతి, ఇరుగుపొరుగు కోసం. ఎన్‌సీ తుంపర గాలిలోనే ఆరి పొడిగా రాలుతుంది, పక్కింటి కారు మీద పడితే తుడిస్తే పోతుంది. 2కే తుంపర తడిగానే ఎగిరి వెళ్లి అంటుకుని గట్టిపడుతుంది. ఇరుకు సందులో 2కే కొడితే మర్నాడు పది మంది మీ గుమ్మం ముందుంటారు.

4. రంగు, కోడ్, ఆర్‌సీ

మొదటిసారి చేసేవాళ్లు కారుకున్న రంగునే మళ్లీ వేయడం మంచిది. రంగు మార్చితే డోరు అంచులు, బానెట్ లోపల, డిక్కీ లోపల అన్నీ కొట్టాలి. పని దాదాపు రెట్టింపవుతుంది. పైగా ఆర్‌సీలో కారు రంగు రాసి ఉంటుంది కాబట్టి రంగు మారితే ఆర్‌టీఓ ఆఫీసులో మార్పు నమోదు చేయించాలి, బీమా కంపెనీకీ చెప్పాలి. ఆలివ్ గ్రీన్ మాత్రం అసలే కుదరదు. కేంద్ర మోటారు వాహనాల నిబంధనలు, 1989లోని 121వ నిబంధన ప్రకారం అది రక్షణ శాఖ బళ్లకే పరిమితం.

కలర్ కోడ్ కంపెనీని బట్టి బానెట్ కింద రేకు మీద గానీ, డ్రైవర్ డోరు స్తంభం మీద స్టిక్కర్‌లో గానీ ఉంటుంది. మారుతి కార్లలో 26యూ అంటే సుపీరియర్ వైట్, జడ్2ఎస్ అంటే సిల్కీ సిల్వర్. కలర్ మిక్సింగ్ మెషీన్ ఉన్న కొట్టుకు ఈ కోడ్ ఇస్తే కలిపి ఇస్తారు. కోడ్ సరిగ్గా ఉన్నా పన్నెండేళ్ల ఎండ తిన్న కారు ఇప్పుడు ఆ రంగులో ఉండదు. కారంతా కొడుతుంటే బాధ లేదు. ఒకటి రెండు ప్యానెళ్లే కొడుతుంటే పెట్రోలు మూతను ఊడదీసి, రబ్బింగ్ పాలిష్ పట్టి, కొట్టుకు తీసుకెళ్లి దానితో పోల్చి కలిపించండి. పాలిష్ పట్టకుండా తీసుకెళితే పైనున్న మురికి రంగును కూడా కలిపి ఇస్తారు.

రంగుల్లో తేడా చాలా ఉంది. తెలుపు సొట్టలను దాస్తుంది, ఎండకు తక్కువ వేడెక్కుతుంది, మొదటి ప్రయత్నానికి ఇదే మేలు. నలుపు ప్రతి ఎమరీ గీతనూ, ప్రతి అలనూ అద్దంలా చూపెడుతుంది. ఎరుపు, పసుపు సరిగా కప్పవు. వాటికి అడుగున సరైన రంగు ప్రైమర్ లేకపోతే ఐదు కోట్లు వేసినా కింద బూడిద రంగు తొంగిచూస్తుంది. సిల్వర్‌లో చేయి వేగం కాస్త మారితే చాలు, అల్యూమినియం రేణువులు గుంపు కట్టి మబ్బు మచ్చలు పడతాయి. తెలుపు, పెర్ల్ కలిసిన మూడు పొరల రంగైతే అనుభవం ఉన్నవాళ్లకే వదిలేయండి.

5. ఎంత కొనాలి

చిన్న హ్యాచ్‌బ్యాక్ బయటి వైపు సుమారు 9, 10 చదరపు మీటర్లు. 50 మైక్రాన్ల ఎండు పొర కావాలంటే, కలిపిన పెయింట్‌లో గట్టి పదార్థం దాదాపు 40 శాతం అనుకుంటే, చదరపు మీటరుకు 125 మిల్లీలీటర్లు కావాలి. కారుకు లీటరుంబావు. కానీ గన్ నుంచి వెళ్లినదంతా కారు మీద పడదు. తక్కువ ఒత్తిడితో ఎక్కువ గాలి వదిలే హెచ్‌వీఎల్‌పీ గన్‌లో మూడింట రెండు వంతులు పడుతుంది, పాత రకం గన్‌లో సగం కూడా పడదు. ఆ లెక్కన, కప్పే శక్తి తక్కువైన రంగులకూ చేయి తిరగనితనానికీ కాస్త కలుపుకుని:

- సాదా 2కే: రంగు 2 లీటర్లు, హార్డెనర్ 1 లీటరు, థిన్నర్ అర లీటరు.
- బేస్, క్లియర్: బేస్ ఒకటిన్నర నుంచి 2 లీటర్లు, అంతే థిన్నర్, క్లియర్ ఒకటిన్నర లీటర్లు, హార్డెనర్ ముప్పావు లీటరు.
- ఎన్‌సీ: రంగు 3 లీటర్లు, థిన్నర్ 4 లీటర్లు.
- అన్నింటికీ అడుగున: 2కే సర్ఫేసర్ (రంగు కింద గీతలు నింపి చదును చేసే ప్రైమర్) ఒకటి, ఒకటిన్నర లీటర్లు (గాలి హుడ్ లేక ఎన్‌సీ కొట్టేవాళ్లకు ఇది కాదు, ఎన్‌సీ సర్ఫేసర్), రేకు బయటపడిన చోట్లకు ఎపాక్సీ ప్రైమర్ అర లీటరు.
- గన్ కడగడానికి చవక ఎన్‌సీ థిన్నర్ 2 లీటర్లు.

రంగును రెండు దఫాలుగా కొనకండి. ఒకే కోడ్‌తో కలిపినా ఈ రోజు డబ్బాకూ వచ్చే వారం డబ్బాకూ వెంట్రుకవాసి తేడా ఉంటుంది. డబ్బాలు రెండైతే ముందే పెద్ద బకెట్లో కలిపేసి మళ్లీ డబ్బాల్లో పోసుకోండి. మెటాలిక్ రంగును వాడే ప్రతిసారీ అడుగు నుంచి కలియబెట్టాలి.

6. హార్డెనర్, థిన్నర్: ఎక్కువ మంది ఇక్కడే దెబ్బతింటారు

ఒకే కంపెనీ రంగు, అదే కంపెనీ హార్డెనర్, అదే కంపెనీ థిన్నర్. మన దగ్గర దొరికే నెరోలాక్ అయినా, పీపీజీ ఏషియన్ పెయింట్స్ అయినా, మరొకటైనా, ఏదో ఒక ఇంటివే మొత్తం తీసుకోండి. నాలుగు వందలు మిగులుతాయని క్లియర్ ఒకరిది, హార్డెనర్ ఇంకొకరిది కలిపితే వారం దాటినా గోరు దిగే మెత్తదనం పోకపోవచ్చు.

2కేలో ఎన్‌సీ థిన్నర్ ఎప్పుడూ పోయకూడదు. ఎన్‌సీ థిన్నర్లలో ఆల్కహాళ్లు ఉంటాయి. రంగుతో ముడిపడాల్సిన ఐసోసైనేట్‌ను అవి మధ్యలోనే పట్టేసుకుంటాయి. పైకి బాగానే ఆరినట్టు ఉంటుంది, లోపల గట్టిపడదు. గన్ కడగడానికి మాత్రమే అది వాడండి, కడిగాక ఒకసారి పీయూ థిన్నర్‌తో తొలవండి.

కొలత డబ్బా మీద రాసి ఉంటుంది. 2 పాళ్ల రంగుకు 1 పాలు హార్డెనర్, 4కు 1... ఒక్కో సరుకుకు ఒక్కోలా. గీతలున్న ప్లాస్టిక్ కప్పులో కొలవండి, కంటి అంచనాతో కాదు. త్వరగా ఆరుతుందని హార్డెనర్ ఎక్కువ పోస్తే పొర పెళుసుబారుతుంది. కలిపిన సరుకుకు ఆయుష్షు కంపెనీలు 20 డిగ్రీల దగ్గర చెబుతాయి. మన ఏప్రిల్‌లో అందులో సగం కూడా ఉండదు. అర లీటరు చొప్పునే కలుపుకోండి. మూత తీసిన హార్డెనర్ గాలిలోని తేమను పట్టుకుంటుంది. మసకబారితే, జావలా చిక్కబడితే పారేయడమే.

థిన్నర్‌లో ఫాస్ట్, మీడియం, స్లో అని ఉంటాయి. కొట్టతను అడగకపోతే మీడియం ఇస్తాడు. 30 డిగ్రీలు దాటితే స్లో తీసుకోండి. ఎండల్లో ఫాస్ట్ వాడితే చుక్కలు ప్యానెల్‌కు చేరేలోపే ఆరి నారింజ తొక్కలా గరుకు వస్తుంది. లేదా పైపొర ముందే బిగుసుకుని, లోపల మిగిలిన థిన్నర్ బయటకు చొచ్చుకొచ్చి సూదిపొడుపు పొక్కులు లేస్తాయి. చలికాలం పొద్దున స్లో వాడితే కారి చారలు పడతాయి.

7. అడుగు పొరలు

తుప్పును ఎమరీతో మెరిసే రేకు దాకా తీయండి. విశాఖ, కాకినాడ, మచిలీపట్నం లాంటి సముద్రపు ఊళ్లలో డోరు అంచు మడత లోపలి నుంచే తుప్పు వస్తుంది, పైన తీసినంత మాత్రాన ఆగదు. లోపలికి మైనం లాంటి తుప్పు నిరోధకం కొట్టాలి. ఆ పని పెయింటు అయ్యాక చేయండి, ముందు చేస్తే అంచుల్లోంచి కారి రంగును పాడుచేస్తుంది.

బయటపడ్డ రేకు మీద అదే రోజు ఎపాక్సీ ప్రైమర్ కొట్టండి. గేట్లకు వాడే రెడ్ ఆక్సైడ్ వద్దు, 2కే పడగానే లేస్తుంది. లప్పాన్ని 80తో మొదలుపెట్టి 180, 320 నంబరు ఎమరీతో, పొడిగానే రుద్దండి. మన షెడ్డుల్లో లప్పాన్ని నీళ్లు చల్లి రుద్దే అలవాటు ఉంది. దుమ్ము లేవదన్నది నిజమే గానీ, లప్పం స్పాంజిలా నీళ్లు పీలుస్తుంది. ఆ తడి మీద పెయింట్ పడితే ఆరు నెలలకు పొక్కులు, కింద తుప్పు. "పెయింట్ మంచిది కాదు" అన్న ఫిర్యాదుల్లో చాలా వాటికి అసలు కారణం ఈ నీళ్లే.

తర్వాత సర్ఫేసర్ రెండు కోట్లు, పూర్తిగా గట్టిపడ్డాక 600 నంబరు వాటర్ పేపర్, మెటాలిక్ అయితే 800. ఇక్కడ నీళ్లు వాడొచ్చు. తెలుపుకు, పసుపుకు తెల్ల సర్ఫేసర్, ఎరుపుకు దానికి సరిపడే రంగుది, మిగతా వాటికి బూడిద రంగుది తీసుకోండి.

ప్లాస్టిక్ బంపర్లకు రేకు ప్రైమర్ పట్టదు. ప్లాస్టిక్ బయటపడ్డ చోట ప్లాస్టిక్ ప్రైమర్ పలచగా ఒక కోటు ముందు కొట్టాలి. లేకపోతే మొదటి ప్రెషర్ వాష్‌కే పెచ్చులుగా లేస్తుంది.

8. గన్‌కు సరిపడే పెయింటేనా?

1 హెచ్‌పీ కంప్రెసర్‌తో పెద్ద హెచ్‌వీఎల్‌పీ గన్ నడవదు. దానికి నిమిషానికి 10 ఘనపుటడుగులకు పైగా గాలి నిలకడగా కావాలి. బానెట్ సగంలో గాలి పడిపోతే ఆ సగం గరుకుగా వస్తుంది. చిన్న కంప్రెసరే దిక్కైతే తక్కువ గాలితో నడిచే ఎల్‌వీఎల్‌పీ గన్ తీసుకుని, ప్యానెల్ ప్యానెల్‌గా పని చేయండి. నాజిల్ (మిల్లీమీటర్లలో): సర్ఫేసర్‌కు 1.7 లేదా 1.8, సాదా 2కేకు 1.4, బేస్‌కూ క్లియర్‌కూ 1.3. ఒక్క గన్నే ఉంటే 1.4తో సరిపెట్టుకోవచ్చు, సర్ఫేసర్‌ను కాస్త పలచన చేయాలి. లైన్‌లో నీటి ట్రాప్ లేకుండా మొదలుపెట్టొద్దు. మన తేమకు ట్యాంకు అడుగున నీళ్లు రోజూ చేరుతాయి. అవి గన్‌లోంచి వస్తే పొర కింద పొక్కులే.

9. కాలం, వేళ

నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా, మంచు ఆరాక పది నుంచి మధ్యాహ్నం మూడు వరకు మంచి సమయం. వేసవిలో ఉదయం ఆరు నుంచి తొమ్మిది, అదీ నీడలోనే. ఎండలో నిలిపిన కారును నీడలోకి తెచ్చినా, రేకు చేతికి చల్లగా తగిలేదాకా ఆగండి. గాలిలో తేమ 85 శాతం దాటితే గన్ పక్కన పెట్టండి. ఆ తేమలో ఎన్‌సీ పాలు పోసినట్టు తెల్లబారుతుంది. ఆరడాన్ని నిదానింపజేసే రిటార్డర్ కలిపితే కొంత తగ్గుతుంది గానీ వానాకాలాన్ని అది జయించలేదు.

10. కారుకు ముందు రేకు ముక్కకు

పాత బానెట్ ముక్కో, స్క్రాప్‌లో దొరికిన డోరో తెచ్చి, అదే ప్రైమర్ మీద, అదే కొలతలో, అదే గన్‌తో కొట్టి చూడండి. ముక్క మధ్యలో నల్ల తెల్ల గళ్ల స్టిక్కర్ అంటించండి. గళ్లు మాయమవడానికి ఎన్ని కోట్లు పడుతున్నాయో, కారు మీదా అన్నే పడతాయి. గన్ 15 నుంచి 20 సెంటీమీటర్ల దూరంలో, ప్రతి వరుసా ముందటి దాన్ని సగం కప్పేలా. కోటుకూ కోటుకూ మధ్య వేలితో మాస్కింగ్ టేపు మీద తాకి చూడండి. జిగురు తగలాలి, రంగు వేలికి రాకూడదు. బేస్ తడి మెరుపు పోయి మట్టిలా అయ్యాక, అదే రోజు క్లియర్ పడాలి.

ముక్క మీద చేపకళ్లలా గుండ్రటి గుంటలు పడితే సిలికాన్ ఉందని అర్థం. డాష్‌బోర్డ్ పాలిష్, టైరు పాలిష్ ఆ షెడ్డులో ఎప్పుడు వాడినా సరే, అవి గాలిలో తిరిగి వచ్చి కూర్చుంటాయి. పనికి వారం ముందు నుంచే వాటిని దూరంగా పెట్టండి. ప్యానెళ్లను వ్యాక్స్ రిమూవర్‌తో రెండు గుడ్డలతో తుడవండి, తడి గుడ్డతో ఒకటి, వెంటనే పొడి గుడ్డతో ఒకటి.

అంతా బాగా వస్తే కారు మీదకు వెళ్లండి. ముందు రూఫ్, తర్వాత బానెట్, ఆ తర్వాత పక్కలు. 2కే అయితే పాలిష్ పట్టడానికి రెండు మూడు రోజులు, వ్యాక్స్‌కు నెల రోజులు ఆగాలి. మిగిలిన రంగును హార్డెనర్ కలపకుండా చిన్న గాజు సీసాలో నిండుగా పోసి, మూత బిగించి, కోడ్, తేదీ, కంపెనీ పేరు రాసి పెట్టండి. మొదటి గీత పడిన రోజు దాని కోసమే వెతుక్కుంటారు.